దారం కోసే పరుగు

ఒమూర్జక్ ఆడగుర్రం నిరుటి వేసవి నుంచీ దూషోన్ మందలో మేసి, అక్కడే ఈనింది. తల్లి నాది కాబట్టి పిల్లా నాదే అని ఒమూర్జక్. మేపింది నేను, మగగుర్రం నాది అని దూషోన్. దావా పడింది.

దూషోన్ కూతురు దేశ సరిహద్దైన చూ నది అవతల, కజకుల ఇంటి కోడలు. గుర్రప్పిల్లను తోలుకుని అటే పోయి కూర్చుంటాడని ఒమూర్జక్ కోర్టులో చెప్పాడు. తీర్పు వచ్చేదాకా దూషోన్ సరిహద్దు దాటకూడదని జడ్జిగారు ఉత్తర్వు ఇచ్చింది.

ఆ వారమే కూతురి ఇంటినుంచి కబురొచ్చింది. మనవరాలు జిబెక్ నిలబడుతోందట. మా ఆచారంలో, అడుగులేసే ముందు పిల్ల కాళ్లకు నలుపూ తెలుపూ కలిపిన దారం కడతారు. పెద్దలు పందెం పరుగెత్తుతారు, గెలిచినవాళ్లు దాన్ని కోస్తారు. దూషోన్ ఎప్పుడో కత్తి నూరి పెట్టుకున్నాడు. ఇప్పుడు దాన్ని గుడ్డలో చుట్టి పెట్టెలో పడేశాడు. వాది ఒప్పుకుంటే పండక్కి వెళ్లిరానిస్తారని వకీలు చెప్పినా వినలేదు.

"వాణ్ని అడిగేదేంటి? నే పోను."

అతని భార్య జూరా బోర్సోకులు, అంటే పిండిముక్కలు, నూనెలో వేయించి, వేడివేడిగా ఒమూర్జక్ ఇంటికి పట్టుకెళ్లింది. పక్కింటివాణ్ని, నేనక్కడ అతని కంచె బిగిస్తున్నాను.

"అన్నా, మా జిబెక్ పండక్కి రావాలి నువ్వు. పరుగెత్తాలి."

"నేనా? మీ ఆయన నన్ను చంపేస్తాడు."

"ఆయనెక్కడొస్తాడు, నువ్వే కట్టేయించావుగా. నీకే మంచిది. చిన్నప్పట్నుంచీ ఒక్కసారన్నా ఆయన్ని దాటావా? ఇప్పుడు అడ్డు లేదు, హాయిగా గెలువు."

ఒమూర్జక్ నమలడం ఆపాడు.

"వాడు లేకుండా గెలిస్తే ఊళ్లో ఏమంటారు?"

"ఏమంటారు, ఉత్తర్వు తెచ్చుకుని గెలిచాడంటారు."

మర్నాడు పొద్దున్నే ఒమూర్జక్ వచ్చి నా కారెక్కాడు. కోర్టుకు పోనివ్వమన్నాడు. అక్కడ, దూషోన్‌ను పండక్కి వెళ్లిరానివ్వమని అడిగాడు.

"పారిపోతాడన్నది మీరే కదా?" అంది జడ్జిగారు.

"నేను పక్కనే ఉంటానమ్మా. వాడు పరుగెత్తితే నేనూ పరుగెత్తుతా."

ఆమె నవ్వాపుకుని సంతకం పెట్టింది. తను అడక్కుండానే అనుమతి వచ్చేసరికి, దూషోన్ పెట్టెలోంచి కత్తి తీసుకుని మాతో బయల్దేరాడు.

సరిహద్దు దగ్గర సిపాయి కాగితం అటూ ఇటూ తిప్పాడు. "ఈ తాతకు పూచీ ఎవరు?"

"నేనే," అన్నాడు ఒమూర్జక్.

"నువ్వేమవుతావు?"

"దావా వేసినోణ్ని."

సిపాయి ఇంకో సిపాయిని పిలిచి చూపించాడు.

పందెంలో ఇద్దరూ బూట్లు విప్పేశారు. "ఒరేయ్ ముసలోడా, గీత వెనక్కి జరుగు!" "నీ పొట్టే ముందుందిరా, కాళ్లు కాదు!" కుర్రాళ్లు నవ్వలేక పక్కకు తప్పుకున్నారు. జానెడు తేడాలో ఒమూర్జక్ గెలిచాడు. దూషోన్ నూరిన కత్తితోనే దారం కోశాడు.

జిబెక్ అతన్ని ఒకసారి చూసింది. చూసి, పక్కనుంచి తూలుతూ నడిచిపోయింది. రొప్పుతూ గడ్డిలో కూలబడిన దూషోన్ ఒళ్లో పడింది. అతను గడ్డం ఆ పిల్ల జుట్టులో దాచుకున్నాడు.

"గెలిచింది నేను! అందరూ చూశారుగా?" అని కత్తి ఎత్తి అరుస్తున్నాడు ఒమూర్జక్.

"చూశాం, చూశాం!" అన్నారు ఆడవాళ్లు, కళ్లొత్తుకుంటూ.

వాయిదా రోజున ఇద్దర్నీ నా కారులోనే తీసుకెళ్లాను. దారి పొడుగునా గొడవే. గుర్రప్పిల్ల ఊసు లేదు. గీత మీంచి ఎవడు ముందు కదిలాడన్నదే గొడవ.