పదహారో నంబరు చీపురు

కుడికాలి బొటనవేలి గోరు నల్లగా కమిలిపోయి, చివర్న పైకి లేచింది. ర్యోహెయ్ దాని చుట్టూ టేపు వేసి, సరిగ్గా పడలేదని పీకి, మళ్లీ వేశాడు. గదంతా నొప్పుల మందు వాసన. బడిలో ఆడే రోజుల్లో ఆ వాసన వస్తే పెద్దవాడినయ్యానని మురిసిపోయేవాడు. ఇప్పుడు స్నానం చేసినా అదే కంపు. తన ఒంటివాసనే అదైపోయినందుకు అతనికి రోత. మోకాలికి పట్టీ బిగించి, మంచం అంచు పట్టుకుని లేచాడు. మోకాలి లోపల ఇసుక నలిగినట్టయింది.

వంటింట్లోకి వెళ్లి అన్నం తిన్న గిన్నె కడిగాడు. సింకు తుడిచాడు. తుడిచిన గుడ్డ ఉతికి, అంచులు సమానంగా వచ్చేట్టు ఆరేశాడు. ఇక్కడ వీడియో తీసేవాళ్లెవరూ లేరు గనక ఈ శుభ్రం సంగతి లోకానికి తెలియదు.

ఇవాళ ఆదివారం. సొంత మైదానంలో ఈ సీజన్‌కి ఆఖరి మ్యాచ్. ఆట అయ్యాక క్లబ్బు మేనేజర్ బ్రాడ్ వచ్చే ఏడాది కాంట్రాక్టు ఉందో లేదో చెబుతానన్నాడు. ఉందంటే ఇంకో ఏడాది ఆట. లేదంటే ఆటతోపాటు వీసా కూడా పోతుంది. ముప్పై అయిదేళ్ల వయసులో, ఈ మోకాలితో, ఇంకో క్లబ్బు అతన్ని రానివ్వదు. ఇర్వింగ్‌లో ఈ ఒంటిగది అపార్ట్‌మెంటు మీద అతనికి ప్రేమేమీ లేదు. ఎండ మీదా, హైవేల మీదా అసలే లేదు. కావలసిందల్లా ఇంకొక్క ఏడాది ఆడటం.

అతను ఫుట్‌బాల్‌లో మిడ్‌ఫీల్డర్. షిజువోకా దగ్గర బడిలో చదివేటప్పుడు, ముందు ఆడేంత వేగం లేదనీ వెనక ఆడేంత పొడుగు లేదనీ మాస్టారు మధ్యలో నిలబెట్టాడు. అప్పట్నుంచీ మధ్యలోనే ఉన్నాడు. జపాన్‌లో మూడో డివిజన్, తర్వాత రెండో డివిజన్‌లో ఎక్కువగా బెంచి మీద, ఆ తర్వాత థాయ్‌లాండ్, చివరికి టెక్సాస్‌లో ఈ చిన్న క్లబ్బు. ముందువాళ్లు పోగొట్టుకున్న బంతిని వెనకవాళ్ల మీదికి పోకముందే అందుకుని, పక్కవాడికి చిన్న పాసు ఇచ్చేయడం అతని ఉద్యోగం. అది సరిగ్గా చేస్తే ఎవరి కంటా పడదు. తప్పు చేస్తే మాత్రం స్టేడియం మొత్తం పేరు పెట్టి తిడుతుంది.

చెత్త సంచి పట్టుకుని కిందికి దిగాడు. అపార్ట్‌మెంట్ల వెనక ఇనప డంప్‌స్టర్ సగానికి సగం ఖాళీ. చెత్తంతా దాని చుట్టూ నేలమీదే ఉంది. తడిసిన పరుపు, చీజు కారుతున్న పిజ్జా పెట్టెలు, మూట కట్టకుండా విసిరేసిన డయపర్లు, వాటి మీద ఈగలు. అతను ముక్కు మూసుకున్నాడు. అయినా తన సంచి లోపల వేసి, అలవాటు చొప్పున ఒక పిజ్జా పెట్టె తీయబోయి వంగాడు.

“అవన్నీ నువ్వెందుకు ముట్టుకుంటావ్ నాయనా!”

పక్క బ్లాకు జ్ఞానప్రసూన. కొడుకు దగ్గర కొన్నాళ్లుండి పోదామని వచ్చిన పెద్దావిడ. నేతచీర మీద కొడుకు స్వెట్‌షర్టు, కాళ్లకి స్పోర్ట్స్ షూస్. రోజూ పొద్దున వాకింగ్‌లో ర్యోహెయ్ కనిపిస్తే ఆగి తెలుగులోనే మాట్లాడుతుంది. పక్కనే ఆమె కోడలు మనీషా కారు డిక్కీలోంచి గ్రాసరీ సంచులు తీస్తోంది.

“అత్తయ్యా, ఆయనకి తెలుగు రాదు.”

“రాకపోతేనేం? తిట్టట్లేదుగా.”

మనీషా ర్యోహెయ్ వైపు తిరిగి ఇంగ్లిషులో అంది. “మీ వీడియో మావాడి స్కూల్లో కూడా ప్లే చేశారు. సో ఇన్‌స్పైరింగ్! మావాడైతే తిన్న ప్లేటు కూడా తియ్యడు.”

ర్యోహెయ్ తలవంచి నమస్కరించాడు. ఆ వీడియో పేరెత్తితే తల దానంతటదే వంగుతుంది.

రెండేళ్ల కిందట, క్లబ్బులో చేరిన కొత్తలో, మ్యాచ్ ఓడిపోయాక డ్రెస్సింగ్ రూంలో తన బల్ల కింద ఊడ్చుకున్నాడు. చిన్నప్పుడు బడిలో పిల్లలే తరగతి ఊడ్చేవాళ్లు. అదొక గొప్పని అతనికి తెలియదు. పక్కవాళ్ల చెత్త కాళ్ల కిందికి వస్తే అదీ ఎత్తాడు. క్లబ్బు వీడియోలు తీసే మానవ్ అది ఫోన్లో తీసి ఆన్‌లైన్‌లో పెట్టాడు. లక్షల మంది చూశారు. నేల తుడిచే మందు కంపెనీ ఒకటి స్పాన్సర్‌గా వచ్చింది. ఒక మ్యాచ్‌కి వచ్చిన వాళ్లందరికీ పదహారో నంబరు వేసిన బుల్లి చీపుర్లు పంచారు. అతని నంబరు అదే. అతని జెర్సీలు అమ్ముడుపోక దుకాణంలోంచి తీసేశారు గానీ, చీపుర్లు మాత్రం ఒక్కటి మిగల్లేదు.

అప్పట్నుంచి ప్రతి మ్యాచ్ తర్వాతా ఊడవాల్సిందే. మొదట్లో సిగ్గుపడి తమ తొక్కలు తాము తీసుకున్న ఆటగాళ్లు, నెల తిరిగేసరికి చెత్తడబ్బా వైపు గురి చూడటం కూడా మానేశారు. ఉమ్మిన పొద్దుతిరుగుడు గింజల పొట్టు, బల్లల కింద అంటించిన చూయింగ్ గమ్, చెమట సాక్సుల్లో దోపిన అరటితొక్కలు. “ర్యో చూసుకుంటాడులే,” అనేవాళ్లు. అతను చూసుకునేవాడు. ఇంత పనికొచ్చే మనిషిని ఎవరు వదులుకుంటారని, కాంట్రాక్టు మీద ఆశతో ఊడ్చేవాడు. ఆ చెత్త కన్నా ఎక్కువ అసహ్యం అతనికి ఆ ఆశ మీదే.

జ్ఞానప్రసూనకి కోడలి మెచ్చుకోలు నచ్చలేదు. “నేనూ చూశానమ్మా ఆ వీడియో. ఈ పిల్లాడొక్కడే నడుం వంచి ఊడుస్తున్నాడు. వెనకాల ఆంబోతుల్లాంటి మొగాళ్లిద్దరు కూచుని తొక్కలు కింద పారేస్తున్నారు. ఏం, వాళ్లకి చేతుల్లేవా?” అని ర్యోహెయ్ ముఖంలోకి చూసి, తన రెండు చేతులూ చాచి, అటూ ఇటూ తిప్పి చూపించింది. “చేతుల్లేవా, అని!”

అతను మనీషా వంక చూశాడు. ఆమె ఇబ్బందిగా నవ్వింది. “ఆవిడ అడుగుతున్నారు... మిగతావాళ్లకి హ్యాండ్స్ లేవా అని. ప్లీజ్, డోంట్ మైండ్.”

రెండేళ్లుగా గ్రేట్ అన్నవాళ్లున్నారు, రెస్పెక్ట్ అన్నవాళ్లున్నారు. ఈ మాట అడిగిన మనిషి ఒక్కరూ లేరు. ర్యోహెయ్ పిజ్జా పెట్టె వదిలేసి, తన చేతులు ఆవిడలాగే తిప్పి చూపించాడు.

“చేతురేవా?”

“ల్లే అను. చేతుల్లేవా.”

“చేతుల్లేవా.”

“అద్దీ!” అని ఆవిడ సంతోషంగా వాకింగ్‌కి వెళ్లిపోయింది.

హైవే మీద కారు నడుపుతూ అతను ఆ మాట చాలాసార్లు అనుకున్నాడు. అంటున్న కొద్దీ బావుంది.

మ్యాచ్‌లో సగం పైగా బెంచి మీదే గడిచింది. పక్కనున్న కుర్రాళ్లు ఉమ్ముతుంటే బూటు పక్కకి జరుపుకుంటూ కూర్చున్నాడు. టీము ఒక గోలు ముందుంది. ఆ గోలు కాపాడుకోవాలని చివర్లో కోచ్ అతన్ని లోపలికి పంపాడు. స్టేడియంలో బుల్లి చీపుర్లు పైకి లేచాయి. “స్వీప్! స్వీప్!” అని కేకలు.

కాసేపటికి సొంత ఫార్వర్డ్ ఒకడు నిర్లక్ష్యంగా బంతి వదిలేశాడు. అవతలివాడు దాన్ని తీసుకుని నేరుగా గోలు వైపు పరిగెత్తాడు. ర్యోహెయ్‌కి వాడు మరుక్షణం ఎటు తిరుగుతాడో ముందే తెలిసింది. ఈ ఒక్క విద్య కోసమే ఇరవై ఏళ్లు మధ్యలో నిలబడ్డాడు. నొప్పి కాలు మడిచి, గడ్డి మీద జారి, బంతిని మాత్రమే తాకి, లేస్తూనే పక్కవాడికి ఇచ్చేశాడు. ఎంత శుభ్రంగా చేశాడంటే అవతలివాడికి కూడా కోపం రాలేదు. ఆ క్షణంలో అతనికి పట్టరాని సంతోషం కలిగింది. పెద్ద తెర మీద రీప్లేలో మాత్రం బంతి పోగొట్టుకున్న ఫార్వర్డ్ జుట్టు సర్దుకోవడం చూపించారు.

మ్యాచ్ గెలిచారు. బ్రాడ్ తన గదికి పిలవలేదు. దారిలోనే, వరండాలో, చేతిలో చికెన్ వింగ్స్ డబ్బాతో ఎదురయ్యాడు.

“ర్యో, నువ్వు మా ఫ్యామిలీ. నీకు తెలుసుగా. కానీ వచ్చే సీజన్‌కి కుర్రాళ్లని తీసుకుంటున్నాం. ఐ యామ్ సారీ.” ఎముక చీకి డబ్బాలో వేశాడు. “ఒక్క చిన్న సాయం. ఫేర్‌వెల్ వీడియో. ఆఖరిసారి డ్రెస్సింగ్ రూం క్లీన్ చేస్తున్నట్టు. ఫ్యాన్స్ ఏడ్చేస్తారు!”

ఆ చేత్తోనే భుజం తట్టాడు. తెల్ల జెర్సీ మీద నారింజ రంగు సాసు, అయిదు వేళ్లూ పడ్డాయి. ర్యోహెయ్ ఆ మరక వంక చూస్తూ “ఓకే” అన్నాడు. ఇరవై ఏళ్ల ఆట అలా, వింగ్స్ వాసనలో అయిపోయింది.

అతను మైదానం అంచున చాలాసేపు కూర్చుని డ్రెస్సింగ్ రూంకి వెళ్లేసరికి అందరూ వెళ్లిపోయారు. గది పరిశుభ్రంగా ఉంది. శుభ్రం చేసే మరిసొల్ అప్పటికే ఊడ్చి, తుడిచి, చెత్తంతా పెద్ద డబ్బాలోకి ఎత్తి, పక్క గదికి వెళ్లింది. ఫోను స్టాండుకి బిగించి మానవ్ నిలబడి ఉన్నాడు. ఇక్కడే పుట్టిన కుర్రాడు, అమ్మానాన్నలది ఏలూరు అని ఎప్పుడో చెప్పాడు. స్పాన్సర్లు పంపిన నిలువెత్తు చీపురు గోడకి ఆనించి ఉంది. పిడి మీద బంగారు రంగులో పదహారు.

“బ్రో, ప్రాబ్లెమ్,” అన్నాడు మానవ్. “రూం ఇంత క్లీన్‌గా ఉంటే నువ్వేం క్లీన్ చేస్తావ్? ఫ్రేమ్‌లో ఏమీ లేదు. వన్ సెకండ్.”

చెత్తడబ్బా ఎత్తి నేలమీద బోర్లించాడు. ఎంగిలి పొట్టు, రక్తం అంటిన టేపులు, నమిలి ఉమ్మిన నారింజ తొనలు, సగం తాగిన డ్రింకు జారి మరిసొల్ తుడిచిన గచ్చంతా పరుచుకున్నాయి. మానవ్ కాలితో ఒక తొక్కని వెలుతురు పడే చోటికి జరిపాడు. “పర్‌ఫెక్ట్. ఎంటర్ అయి, కొంచెం శాడ్‌గా చూసి, స్టార్ట్ చేసేయ్.”

ర్యోహెయ్ చెత్త మీద అడుగు పడకుండా తన చోటికి వెళ్లి కూర్చున్నాడు. వేలి టేపు విప్పి, ఉండ చుట్టి, తన సంచిలోనే వేసుకున్నాడు. బూట్ల మట్టి కాగితంలోకి దులిపి అదీ సంచిలో వేసుకున్నాడు. మరకపడ్డ జెర్సీ విడిచి, మడతపెట్టి, బల్ల మీద ఉంచాడు. సొంత చొక్కా తొడుక్కుని, తను కూర్చున్న మేర తువ్వాలుతో తుడిచి లేచాడు.

“బ్రో? చీపురు అక్కడుంది.”

ర్యోహెయ్ వాడి ముందు నిలబడ్డాడు. రెండు చేతులూ చాచి, అటూ ఇటూ తిప్పి చూపించాడు.

“చేతుల్లేవా?”

మానవ్ నోరు తెరుచుకుంది. పెద్దావిడ గొంతులోని విసుగు ఒక్క పిసరు తగ్గకుండా వచ్చిందని ర్యోహెయ్‌కి వాడి ముఖం చూస్తే తెలిసింది.

“అది... మా అమ్మమ్మ అంటది అలా,” అన్నాడు మానవ్ నెమ్మదిగా, తెలుగులో. చెవులు ఎర్రబడ్డాయి. ఫోను వంక చూశాడు. నేల వంక చూశాడు. పక్క గదిలో మరిసొల్ బండి చక్రాలు కిర్రుమంటున్నాయి. ఇటే వస్తున్నట్టున్నాయి. వాడు గబుక్కున గొంతుకూర్చుని, కెమెరా కోసం తను జరిపిన తొక్కని మునివేళ్లతో ఎత్తాడు. మొహం వికారంగా పెట్టాడు. ఇంకోటి ఎత్తాడు.

ర్యోహెయ్ సంచి భుజానికి తగిలించుకుని, కుంటుతూ గుమ్మం దాటాడు. తలుపు మూసేముందు ఒకసారి వెనక్కి చూశాడు. స్టాండు మీద ఫోను తీస్తూనే ఉంది. దాని ఎదురుగా, గోడకి ఆనించిన చోటే పదహారో నంబరు చీపురుంది, కుచ్చుకి తొడిగిన ప్లాస్టిక్ కవరు కూడా విప్పకుండా.