ఫ్రేములో లేని హెల్లెవి

తైస్తోకి సినిమాలంటే గిట్టదు. అలాంటివాడు ఆ అక్టోబరు సాయంత్రం ఊరి లైబ్రరీ హాలుకి అందరికంటే ముందొచ్చి ముందు వరసలో కూర్చున్నాడు. వేసవిలో పోయిన భార్య హెల్లెవి తెరమీద ఒక్కసారైనా కదులుతుందేమోనని ఆశ. ఇంట్లో ఆమె ఫొటోలున్నాయి గానీ, ఒక్కటీ కదలదు కదా.

సినిమా తీసింది హెల్లెవి అక్కగారి మనవరాలు ఈరిస్. కథ లేదు, మాటలు లేవు. ఒక ముసలాయన కాఫీ తాగడం, వాకిట్లో మంచు ఎత్తిపోయడం, సౌనాలో, అంటే కాలిన రాళ్లమీద నీళ్లు పోసి ఆవిరి పట్టే గదిలో, చెమటలు కారుస్తూ కూర్చోవడం, అంతే. ప్రయోగమట. ఆ ఊళ్లో ప్రతి ముసలాయనా రోజూ చేసే ప్రయోగమే అది! కిందటి చలికాలం ఆ పిల్ల కెమెరా భుజానేసుకొచ్చి వారంపాటు వాళ్లింట్లో తిష్ఠ వేసి తైస్తోనే ఆ ముసలాయనగా తీసింది.

"అమ్మమ్మా, మళ్లీ అడ్డొచ్చావు! ఇది ఒంటరి మనిషి సినిమా. కాస్త పక్కకి జరుగు."

"పెళ్లయినప్పట్నించీ ఈయనకి అడ్డొస్తూనే ఉన్నానే. ఇవాళ నీకోసం మానాలా?" అని నవ్వుతూనే హెల్లెవి జరిగేది.

ఆమె పోయాక, మిగిలిన ముక్కల్లో ఎక్కడైనా ఉందేమో చూడమని తైస్తో అడిగాడు. "అమ్మమ్మ అడ్డొచ్చినవన్నీ అప్పుడే చెరిపేశాను తాతయ్యా," అని ఫోన్లో ఈరిస్ ఏడ్చేసింది. అయినా వచ్చాడు. మనసు ఊరుకోదు మరి.

దీపాలు ఆరాయి. తెరమీద తైస్తో కాఫీ తాగాడు. మంచు ఎత్తిపోశాడు. హెల్లెవి నీడ కూడా ఎక్కడా పడలేదు. చివరికి సౌనా వచ్చింది. పై బల్లమీద తువ్వాలు చుట్టుకుని తానొక్కడే. తెరమీద కనపడకుండా, పక్కనెక్కడో కాలిన రాళ్లమీద నీళ్లు పడి సుయ్‌మన్నాయి. కాస్త ఆగి, ఇంకొంచెం. మళ్లీ ఆగి, ఇంకొంచెం.

తైస్తో కుర్చీలో ముందుకి వంగాడు. తనైతే గరిటెడు నీళ్లూ ఒక్కసారే కుమ్మరిస్తాడు. ఇలా పసిపిల్లకి తాగించినట్టు పోసే చెయ్యి ఒక్కటే. తెరమీది తైస్తో పక్కకి చూసి, ఇక చాలన్నట్టు తలూపాడు. ఎవరిని చూశాడో హాల్లో ఒక్క తైస్తోకే తెలుసు. దుఃఖం పొంగుకొచ్చి టోపీలో మొహం దాచుకున్నాడు.

దీపాలు వెలిగాక లైబ్రేరియన్ వచ్చి అతని చెయ్యి పట్టుకుంది. "మీ ఒంటరితనం చూస్తుంటే గుండె తరుక్కుపోయిందండీ."

"అప్పుడు నేనెక్కడ ఒంటరిని తల్లీ? ఆ నీళ్లు పోసింది మా ఆవిడే," అని ఈరిస్ వైపు తిరిగాడు. "ఆ చప్పుడు ఇంకోసారి పెడతావా?"

ఆ చప్పుడులో అమ్మమ్మ ఉందని పిల్లకి అప్పటికి గానీ తట్టలేదు. అందరూ వెళ్లిపోయిన హాల్లో ఇద్దరూ కళ్లు మూసుకుని కూర్చున్నారు. రాళ్లు సుయ్‌మన్నాయి. కాస్త ఆగి, ఇంకొంచెం.