ఆధారం లేని పేరు

పిల్లల పేర్లకు అర్థాలు చెప్పే వెబ్‌సైట్‌లో నా ఉద్యోగం. ఆ అర్థాలు నిజమో కాదో చూడడం నా పని. సగానికి సగం నోటికొచ్చిన రాతలే. ఏ నిఘంటువులోనూ లేని పేరు తగిలితే మా బాసు, "కాంతి అని వేసెయ్యమ్మా, కాంతి వద్దనేవాళ్లెవరు?" అంటాడు. వెనకాల మేమంతా ఆయన్ని కాంతిగారనే అంటాం. ఆయన వేసిన కాంతులన్నీ నిజమైతే మా ఆఫీసుకు కరెంటే అక్కర్లేదు.

ఆ రోజు నా ముందుకొచ్చిన ఒక మగపిల్లాడి పేరుకు 'చావును గెలిచినవాడు' అని రాసి ఉంది. వెతికాను. సంస్కృతం కాదు, ఫార్సీ కాదు, అరబ్బీ కాదు. మావాళ్లు ఆధారమంటూ ఇంకో వెబ్‌సైట్‌ను చూపించారు. అక్కడికి వెళ్తే, వాళ్లు ఆధారంగా మమ్మల్నే చూపించారు! దొంగలూ దొంగలూ కలిసి ఊళ్లు పంచుకున్నట్టుంది. ఒళ్లు మండింది. రేపు వచ్చి తీసేద్దామని పక్కన పెట్టి, ఆస్పత్రికి బయల్దేరాను.

మా చెల్లి అక్కడుంది. నెలలు నిండకుండా పుట్టిన కొడుకు గాజుపెట్టెలో, గొట్టాల మధ్య, అరచేతిలో పట్టేంత ఉన్నాడు. వరండాలో డాక్టరమ్మ నన్ను పక్కకు పిలిచింది.

"ఊపిరితిత్తులు పనిచెయ్యడం లేదండీ. ఆశ పెట్టుకోకండి. తల్లికి రేపు నేనే చెప్తాను. ఈ పూట ఆవిణ్ణి కాస్త నిద్రపోనివ్వండి."

తలూపాను.

నేను గదిలోకి వెళ్లగానే చెల్లి ఫోను నా చేతికిచ్చింది. మా వెబ్‌సైటే. ఆ పేరే.

"చావును గెలిచినవాడట అక్కా. ఇవన్నీ చూసేది నువ్వే కదా? నిజమేనా?"

ఎవరి పేరైనా సరే, చీల్చి చెండాడే నోరు నాది. మా మేనత్త మనవరాలికి ముచ్చటపడి పెట్టుకున్న పేరుకు యువరాణి అని కాదు, దూడ అని అర్థమని చెప్పి ఆవిడతో మాటలు పోగొట్టుకున్నదాన్ని. ఆ నోటితోనే "నిజమే" అన్నాను.

చెల్లి నా మొహంలోకి చూసింది. "సరే, అదే పెడదాం" అంది. వెంటనే మంచం దిగి, వాడి దగ్గరికి తీసుకెళ్లమంది. పడుకోవే తల్లీ అని బతిమాలినా వినలేదు. గాజుపెట్టె పక్కన కూర్చుని, లోపలికి చెయ్యి పెట్టి, వాడి పాదం పట్టుకుని ఆ పేరుతో పిలుస్తూనే ఉంది. నర్సులు చెప్పినా కదల్లేదు. పొద్దున్నే వాడు పోయాడు. అప్పటికీ చెల్లి చెయ్యి ఆ పాదం మీదే ఉంది.

వారం తర్వాత వాళ్లింటికి వెళ్తే, ఒక్కసారీ తొడగని చిన్న చొక్కాలు మడతపెడుతోంది. నేనూ పక్కన కూర్చుని ఒకటి అందుకున్నాను. మడత ఆపకుండానే అడిగింది.

"ఆ పేరు మీ వెబ్‌సైట్‌లోంచి తీసేశావా?"

"లేదే."

"తీసెయ్. ఇంకే తల్లీ నమ్మకూడదు."

నా చేతిలోంచి చొక్కా జారిపోయింది. "నీకెలా తెలుసే?"

"ఏ పేరు గురించి అడిగినా ఏ భాషో, ఏ నిఘంటువో, ఎన్నో పేజీయో చెప్పి ప్రాణం తీస్తావు. ఆ రోజు మాత్రం ఒక్క ముక్కలో నిజమే అన్నావు. డాక్టరమ్మ నీకేదో చెప్పిందని అప్పుడే తెలిసిపోయింది."

చెల్లి కిందపడ్డ చొక్కా తీసి దులిపింది.

"నీకు అబద్ధమాడటం వచ్చి ఉంటే నేను పడుకునేదాన్ని అక్కా. వాడు ఒక్కడే పోయేవాడు."