లోపల ఒక్క గొంతే

గడియ మంచం అంచున కూర్చుని కుడి మోకాలికి పట్టీ చుడుతున్నాడు. కింది నుంచి పైకి బిగించి, మళ్లీ పై నుంచి కిందికి. పేరుకు మోకాలే గాని ఆ ఆకారం ఎప్పుడో పోయింది. కుట్ల మీద కుట్లు పడి, ఒకచోట ఉబ్బి, ఒకచోట లోపలికి పోయి, సొట్టలు పడ్డ సత్తు గిన్నెలా ఉంటుంది. ముక్కు రెండుసార్లు విరిగింది కనుక ఊపిరి తీస్తే ఈల వేసినట్టు చప్పుడొస్తుంది. కనుబొమల్లో వెంట్రుకలు మొలవని గాట్లున్నాయి. యాభై ఎనిమిదేళ్ల ఆ ఒంట్లో తిన్నగా మిగిలింది మొండితనం ఒక్కటే.

గడియ అనే పేరు కన్నవాళ్లు పెట్టింది కాదు. ఇరవై ఏళ్లు ఫుట్‌బాల్ జట్లలో వెనక వరసలో నిలబడ్డాడు. గోల్ కొట్టడానికి వచ్చేవాణ్ణి ఆపడమే అతని పని. కాలితో ఆగితే కాలితో, ఆగకపోతే మోచేత్తో. అతను నిలబడితే తలుపుకు గడియ పెట్టినట్టేనని జనం మురిసి ఆ పేరు పెట్టారు. ఆట మానేశాక పిల్లల జట్టుకు కోచ్ అయ్యాడు, తర్వాత పెద్ద జట్టుకు సహాయకుడు, ఆ తర్వాత అసలు కోచ్. ఇది మూడో క్లబ్బు. మొదటి రెండింటి నుంచీ గెంటించుకునే బయటికొచ్చాడు.

"నేను మా చెల్లెలింటికి పోతున్నా," అంది భార్య గుమ్మంలో నిలబడి. "భోజనం గిన్నెల్లో ఉంది. ఓడితే ఓడండి గాని, ఇంటికొచ్చి తలుపులు బాదకండి. పోయినసారి బాదినదానికి బందులు ఇప్పటికీ ఊగుతున్నాయి."

"ఓడతామని నీకెవరు చెప్పారు?"

"ఒకరు చెప్పాలా? ఊరంతా కోడై కూస్తోంది. మీ ఒక్కరి చెవికే ఎక్కడం లేదు."

అతను ఆ కోపం పట్టీ మీద చూపించి, మరీ గట్టిగా లాగాడు కనుక మళ్లీ విప్పి మొదటి నుంచి చుట్టాల్సి వచ్చింది. ఈలోగా వీధి తలుపు మూసిన చప్పుడైంది.

నిజానికి ఇవాళ గెలవక్కర్లేదు. ఓడకుండా ఉంటే చాలు. ఈ సీజన్లో ఇదే ఆఖరి మ్యాచ్. ఓడితే జట్టు కింది డివిజన్‌కు జారిపోతుంది, అతని ఉద్యోగం ఊడుతుంది. క్లబ్బు అధ్యక్షుడు నిన్న ఫోన్ చేసి మర్యాదగానే చెప్పాడు: "డ్రా అయితే మళ్లీ మాట్లాడుకుందాం. కాకపోతే ఇక మాట్లాడుకునేదేం లేదు." ఇది పోతే నాలుగో క్లబ్బు పిలవదని గడియకు తెలుసు. పిలవకపోతే ఏం చేయాలో మాత్రం తెలియదు. పొద్దున లేచి మైదానానికి పోవడం తప్ప అతనికి బతుకులో ఇంకో పని రాలేదు, నేర్చుకుందామన్న బుద్ధీ పుట్టలేదు.

దారిలో టీ కొట్టువాడు గ్లాసు అందిస్తూ, "ఏం సారూ, వచ్చే వారం కొత్త సారుకి చక్కెర ఎంత వేయాలో కాస్త కనుక్కుని చెప్తారా?" అన్నాడు. బల్ల మీద కూర్చున్నవాళ్లు పొట్టలు పట్టుకుని నవ్వారు. గడియ టీ తాగకుండా గ్లాసు బల్ల మీద పెట్టి కదిలాడు. స్టేడియం ప్రహరీ మీద ఎవరో తారుతో నిలువెత్తు అక్షరాల్లో "గడియ తీసేయండి" అని రాశారు. పోయిన వారమే సున్నం కొట్టించాడు. రాసినవాడు ఈసారి ఇంకాస్త తీరిగ్గా, వంపులు దిద్ది మరీ రాశాడు. మైదానం చూసే ముసలాయన పక్కనే నీళ్ల గొట్టం పట్టుకుని నిలబడి ఉన్నాడు.

"చూడలేదా నువ్వు?" అన్నాడు గడియ.

"చూశాను. స్పెల్లింగు కూడా సరిగ్గానే ఉంది," అన్నాడు ముసలాయన గడ్డి తడుపుతూ.

డ్రెస్సింగ్ రూములో తడి సాక్సుల కంపు, నొప్పుల నూనె ఘాటు కలిసి ముక్కు బద్దలయ్యేలా ఉంది. అతను అడుగు పెట్టగానే ఆటగాళ్లు ఎవరి బూట్లు వాళ్లు చూసుకోసాగారు. గడియ బోర్డు దగ్గరికి వెళ్లి వెనక వరస నలుగురినీ సుద్దముక్కతో గీశాడు.

ఈ నలుగురి పనీ చూడ్డానికి తేలిక, చేయడానికి ప్రాణాంతకం. ఎదుటివాడు బంతి కోసం మన గోల్ వైపు దూసుకొస్తాడు. వాడికి బంతి అందించే క్షణంలో నలుగురూ ఒక్కసారిగా ముందుకు జరిగితే వాడు వెనక ఒంటరిగా చిక్కి ఆఫ్‌సైడ్ అవుతాడు, గోల్ కొట్టినా చెల్లదు. లేదా నలుగురూ కదలకుండా వెనకే కాచుకోవాలి. కొందరు జరిగి కొందరు ఆగారా, కొంప మునిగినట్టే. జరగాలో ఆగాలో చూసుకుని తేల్చే వ్యవధి ఉండదు. ఎవరో ఒకరు "జరుగు!" అని అరవాలి, మిగతావాళ్లు కళ్లు మూసుకుని జరగాలి. ఆడినన్నాళ్లూ ఆ అరుపు గడియది. ఇప్పుడు కెప్టెన్‌ది.

"లోపల ఒక్క గొంతే," అన్నాడు, ప్రతి మ్యాచ్‌కూ చెప్పినట్టే. "కెప్టెన్ గొంతు. బయటి నుంచి నేను అరిచినా సరే, వినొద్దు. విన్నవాడు బెంచీ మీద కూర్చుంటాడు. అర్థమైందా?"

అందరూ గొణిగారు. ఎడంకాలు మాత్రం గొణగను కూడా గొణగలేదు.

ఎడంకాలు అంటే వరసలో ఎడమ చివర ఆడేవాడు. ముప్పై దాటాయి, పరుగు తగ్గింది, చూపు మాత్రం ఇంకా చురుకు. రెండేళ్ల కిందట ఒక మ్యాచ్ పొద్దున వచ్చి, నాన్న ఆస్పత్రిలో ఉన్నాడు, వెళ్తానని అడిగాడు. "నువ్వెళ్లి వైద్యం చేస్తావా?" అన్నాడు గడియ. "మా అమ్మ పోయిన రోజు నేను మ్యాచ్ మొత్తం ఆడాను. ఒక్కణ్ణి దాటనివ్వలేదు." ఆ మాట అతను తరచూ చెబుతాడు. అతను లేనప్పుడు ఆటగాళ్లు ముక్కుతో ఈల వేస్తూ దాన్ని అనుకరిస్తారు. ఎడంకాలు ఆ రోజు ఆగిపోయాడు. తీరా అతన్ని ఆడించనైనా లేదు, మ్యాచ్ అంతా బెంచీ మీదే కూర్చోబెట్టాడు. విరామంలో ఇంటి నుంచి కబురొచ్చింది. అప్పటి నుంచి ఎడంకాలు అతన్ని సార్ అని పిలవలేదు. అవును, కాదు, అంతే. గడియ దాన్ని తప్పనుకోలేదు. మైదానంలో ఉన్నవాడికి మైదానమే ఇల్లు, అతను నేర్చుకున్నది అదే, నేర్పిందీ అదే.

మ్యాచ్ మొదలైన కాసేపటికే వాన పట్టుకుంది. గడియ గొడుగు కిందికి పోలేదు. గీత పక్కనే చేతులు కట్టుకుని, పెదాలు బిగించి నిలబడ్డాడు. వెనక నుంచి తిట్లు వానకంటే జోరుగా పడుతున్నాయి.

"ముసలాడా, ఇంటికి పోయి మనవల్ని ఆడించుకో!"

"వాడికి మనవలు కూడా ఆఫ్‌సైడేరా!"

అతనికి పిల్లల్లేరు. ఆ సంగతి అరిచినవాడికీ తెలిసే ఉంటుంది. తొక్కో కాగితమో వచ్చి మెడకు తగిలింది. తిరిగి చూడలేదు. ఆడే రోజుల్లోనూ అంతే, ఎదుటి ఊళ్లో జనం ఉమ్మేస్తుంటే అతనికి ఒళ్లు వేడెక్కి ఆట ఇంకా బాగా వచ్చేది. ప్రేమగా చూసేవాళ్ల ముందు ఏం చేయాలో అతనికి ఎప్పుడూ తెలియలేదు. శత్రువులుంటే తెలుసు.

ఆట చివరికొచ్చింది. రెండు వైపులా గోల్ లేదు. బురదలో పదకొండుమందీ పళ్లు కరుచుకుని ఆడుతున్నారు. ఇంకాస్త, ఇంకొంచెం అని గడియ లోపల లెక్కపెట్టుకుంటున్నాడు. అప్పుడు ఎదుటి జట్టువాడు మధ్యలో బంతి అందుకుని తల ఎత్తి చూశాడు. వాళ్ల ముందువరసవాడు పరుగు అందుకున్నాడు. కెప్టెన్ అరచేయి కిందికి చూపిస్తూ వెనక్కి తగ్గుతున్నాడు. ఆగమని సైగ. సరైన సైగే.

గడియ కాలు ఒక అడుగు ముందుకు పడింది. నొప్పి ఉన్న కాలే. ఎవరో "జరుగు!" అని అరిచారు. అంత పెద్ద గొంతు ఎవరిదా అనుకునేలోపే అది తనదేనని తెలిసింది.

స్టేడియం హోరులో ఆ కేక ఎవరికీ వినబడి ఉండదు, గీత పక్కనే ఆడుతున్న ఒక్కడికి తప్ప. ఎడంకాలు చటుక్కున ముందుకు జరిగాడు. మిగతా ముగ్గురూ వెనకే ఉన్నారు. అతను వదిలిన చోటులోంచి ముందువరసవాడు పరిగెత్తి, బంతి అందుకుని, తాపీగా గోల్‌లోకి తన్నాడు. లైన్స్‌మన్ జెండా లేవలేదు.

కెప్టెన్ బురదలోంచి లేచి ఎడంకాలి మీదికి వెళ్లాడు. "నీకు పిచ్చెక్కిందా? ఎవడు జరగమన్నాడు నిన్ను?" ఎడంకాలు తల తిప్పి గీత వైపు ఒక్కసారి చూశాడు, అంతే. గడియ ఆ చూపును తప్పించుకుని గడియారం చూసుకున్నాడు. మరి కాసేపటికి రిఫరీ ఈల వేశాడు.

డ్రెస్సింగ్ రూములో ఎవరూ జోళ్లు విప్పలేదు. బయట జనం తలుపు మీద గుద్దుతున్నారు. అధ్యక్షుడు లోపలికొచ్చాడు. గొడుగు మడిచి మూలన ఆనించి, బురద అంటకుండా కాళ్లు ఎత్తెత్తి వేస్తూ మధ్యలోకొచ్చి నిలబడ్డాడు.

"టీవీలో మళ్లీ చూశాను," అన్నాడు. "ముగ్గురు ఆగారు, ఒక్కడు జరిగాడు. కోచ్ గారూ, వీడి తప్పేనని మీరొక్క మాట చెప్పండి. వీణ్ణి ఇవాళే పంపేస్తాం. కింది డివిజన్లో జట్టుని మీరే మళ్లీ కడుదురు గాని."

అనాల్సిన మాట తెచ్చి నోట్లో పెట్టినట్టే ఉంది. ఇరవై ఏళ్లు ఆడిన మనిషి, ఏ గోల్ పడ్డా ముందు పక్కవాడి వైపు వేలు చూపించిన మనిషి. ఇప్పుడు వేలు కూడా ఎత్తక్కర్లేదు, తల ఊపితే చాలు. గడియ ఎడంకాలి వైపు చూశాడు. అతను గోడకు ఆనుకుని నేల చూపులు చూస్తున్నాడు. బతిమాలే ముఖం కాదది. బతిమాలి ఉంటే గడియ తల ఊపేసేవాడేమో.

"నేను అరిచాను," అన్నాడు. "జరుగు అని నేనే అరిచాను. వాడు విన్నాడు. తప్పు నాది."

 కెప్టెన్ తల తిప్పి ఎడంకాలి వైపు చూశాడు.

"ఆయన అరవలేదు," అన్నాడు ఎడంకాలు. "అరిచినా నాకు వినబడలేదు. నా అంతట నేనే జరిగాను."

అధ్యక్షుడు ఇద్దర్నీ మార్చి మార్చి చూశాడు. విసుగ్గా నిట్టూర్చాడు. "మీ పంతాలు మీరు తర్వాత తీర్చుకోండి. తప్పు నాదని ఒప్పుకునే కోచ్‌ని పెట్టుకుని బయటికెళ్లి ఆ జనానికి ఏం చెప్పను నేను? రేపట్నుంచి మీరు రానక్కర్లేదు." గొడుగు తీసుకుని వెళ్లిపోయాడు. తలుపు అవతల కేకలు ఒక్కసారి లేచి, కాసేపటికి చప్పట్లయ్యాయి.

ఆటగాళ్లు ఒక్కొక్కరే సర్దుకుని జారుకున్నారు. ఎవరూ పోయొస్తామనలేదు. వెనక గేటుకు పోయే సన్నటి నడవలో ఎడంకాలు భుజాన సంచితో వెళ్తుంటే గడియ కుంటుకుంటూ వెళ్లి అందుకున్నాడు.

"విన్నావా, లేదా?"

"విన్నాను."

"మరి లేదన్నావేం?"

ఎడంకాలు ఆగాడు. కోపంగా కూడా లేడు, అలసిపోయి ఉన్నాడు. "అవునంటే, మీరు నా కోసం ఉద్యోగం పోగొట్టుకున్నారని రేపు మా ఇంట్లో మీ గురించి మంచిగా చెప్పుకోవాలి. మా అమ్మ ముందు. అది నా వల్ల కాదు."

గడియకు అప్పుడు, రెండేళ్ల తర్వాత, ఆ రోజు అతన్ని పంపి ఉండాల్సిందని మొట్టమొదటిసారి అనిపించింది. సిగ్గేసింది. నిజంగా, ఒళ్లంతా సిగ్గేసింది. ఆ మాట అనడానికి నోరు తెరిచేసరికి ఎడంకాలు గేటు దాటి వానలోకి వెళ్లిపోయాడు. పిలిస్తే వినబడేంత దూరంలోనే ఉన్నాడు. గడియ పిలవలేదు. తన గొంతు మళ్లీ అతని చెవిలో వేయడానికి మొహం చెల్లలేదు.

జేబులోని గది తాళంచెవి నడవలో మేకుకు తగిలించి, తన గదిలోకి కూడా పోకుండా అదే గేటు గుండా బయటికి నడిచాడు. జనం ముందు గేటు దగ్గరున్నారు కనుక ఎవరూ చూడలేదు.

మైదానం ముసలాయన దీపాలు ఆర్పుకుంటూ వచ్చి, మేకుకున్న తాళంచెవితో కోచ్ గది తీసి తొంగి చూశాడు. చొక్కా తగిలించే కొక్కెం ఖాళీగా ఉంది, బల్ల ఖాళీగా ఉంది. వాష్‌బేసిన్ పైన అరలో గాజుగ్లాసులో నీళ్లున్నాయి. ఎవరి మోచేయో తగిలి ఊడిపోయిన ముందుపళ్లకు బదులు కట్టించుకుని, ఆడే రోజుల నుంచీ ప్రతి మ్యాచ్‌కూ ముందు తీసి గ్లాసులో వేసుకునే రెండు పెట్టుడు పళ్లు, గులాబీ రంగు చిగుళ్లతో సహా ఆ నీళ్ల అడుగున ఉన్నాయి.