మూడో పేరు

ఎర్రసిరా పోయినాయన పేరు మీద స్కేలు పెట్టి ఎర్రగీత కొట్టాడు. దాని పైన నల్లసిరాతో వారసుల పేర్లు రాశాడు. ఇంటిపన్ను ఆఫీసులో ఇరవై ఎనిమిదేళ్లుగా అతని పని ఇదే, అందుకే తోటి గుమాస్తాలు 'ఎర్రసిరా' అని పేరు పెట్టారు. అసలు పేరు జీతం రోజున తప్ప ఎవరికీ గుర్తు రాదు.

ఇవాళ మాత్రం స్కేలు రెండుసార్లు జారింది. కళ్లన్నీ గోడ గడియారం మీదే ఉన్నాయి. తండ్రి పేరున ఉన్న సొంత ఇంటిని తమ పేర్ల మీదికి మార్పించుకోవడానికి తనే అర్జీ పెట్టాడు. అందులో వారసులు ఇద్దరే: తను, తమ్ముడు. అక్క పేరు రాయలేదు. అభ్యంతరాల గడువు ఈ సాయంత్రం ఐదింటితో సరి. ఆ తర్వాత ఆఫీసరు సంతకం, ఆపైన ఇల్లు అమ్మడానికి తమ్ముడు కుదిర్చిన బేరం. ఆ ఇంట్లోనే ఉంటున్న అక్క ఎక్కడికి పోవాలో ఎవరూ ఆలోచించలేదు.

ఆ అర్జీ నోటీసుని బోర్డుకి అతికించిన మహానుభావుడూ ఎర్రసిరాయే, ఎవరికీ కనపడకుండా పాత టెండరు కాగితం కింద. ముప్పై రోజుల్లో దానిమీద ఈగ కూడా వాలలేదు.

అక్క పెళ్లి చేసుకోలేదు. అమ్మానాన్నా పోయాక కుట్టుమిషను తొక్కి తమ్ముళ్లిద్దర్నీ చదివించింది. పొద్దున అతను బయల్దేరుతుంటే ఆపింది.

"కాలరు పీలికలైపోయిందిరా. విప్పిక్కడ పెట్టి ఇంకోటి తొడుక్కో. తిరగేసి కుడతాను."

"ఇప్పుడెందుకులే అక్కా," అన్నాడు తలెత్తకుండా.

"నలుగురిలో కూర్చునేవాడివి. పెట్టమంటున్నానా!"

మూడింటికి తమ్ముడు ఫోను చేశాడు. "ఎవరూ రాలేదుగా అన్నయ్యా?"

"రాలేదు."

"ఇంకో రెండు గంటలు నోరు మూసుకుని కూర్చో, చాలు."

నాలుగున్నరకి ఒక ముసలమ్మ కౌంటరు ముందు నిలబడింది. కొడుకులు ఇల్లు మార్పించుకున్న కాగితం చూపించి, "ఇందులో నా పేరేది బాబూ?" అంది.

"గడువు దాటిపోయిందమ్మా."

"నాకెవరూ చెప్పలేదే!"

బోర్డు మీద పెట్టాం కదా అనబోయాడు. పాత టెండరు కాగితం గుర్తొచ్చింది. సిగ్గుతో చచ్చిపోయాడు.

ఆమె వెళ్లగానే సొరుగులోంచి అభ్యంతరాల ఫారం తీసి, తన అర్జీ మీద తనే రాశాడు. 'మూడో వారసురాలి పేరు వదిలేశారు.' వదిలేసిందెవరో రాయాల్సిన గడిలో తన పేరే నింపాడు. ఇక కావాల్సింది అక్క సంతకం. ఇల్లు పావుగంట నడక. యాభై ఆరేళ్ల మనిషి పరుగందుకున్నాడు. దారిలో చెప్పు తెగితే అక్కడే వదిలేశాడు. తిట్టనీ, చెంప పగలగొట్టనీ, ఐదులోపు సంతకం పెడితే చాలు.

తలుపు తీసే ఉంది. మిషను చప్పుడు లేదు.

"అక్కా, ముందిక్కడ సంతకం పెట్టు. తర్వాత అంతా చెప్తాను," అన్నాడు రొప్పుతూ.

అక్క మిషను బల్లకి బుగ్గ ఆనించి ఉంది. కునుకు తీస్తోందనుకున్నాడు. భుజం పట్టుకుని కుదిపాక తెలిసింది.

ఎర్రసిరా నేల మీద కూలబడి చిన్నపిల్లాడిలా బావురుమన్నాడు. పక్కింటివాళ్లు పరుగెత్తుకొచ్చేసరికి ఐదు దాటింది. ఇప్పుడా అర్జీలో తప్పేమీ లేదు, వారసులు ఇద్దరే. గీత కొట్టడానికైనా అక్క పేరు ఏ రిజిస్టరులోనూ లేదు.

మిషను సూది కింద అతని చొక్కా ఉంది. కాలరు తిరగేసి ముప్పాతిక కుట్టింది. సూది ఇంకా గుడ్డలోనే దిగి ఉంది.