దొరను అడిగిన క్రిస్మస్ కానుక

అమెరికాలో మా జార్జియా పత్తి పల్లెల్లో క్రిస్మస్ పొద్దున ఎవరు ఎదురైనా ‘క్రిస్మస్ కానుక!’ అనడమే పలకరింపు. ముందు అన్నవాళ్లది గెలుపు, విన్నవాళ్లు ఏదో ఒకటి చేతిలో పెట్టాలి. బానిసలుగా ఉన్న కాలంలో, ఏడాదంతా నోరెత్తకూడని మావాళ్లు దొరను నోరు తెరిచి అడగగలిగింది ఆ ఒక్క పొద్దునే.

అప్పటికి మా నాయనమ్మ జిల్ఫా చిన్నపిల్ల. వాళ్లమ్మ కెజయా దొరగారి వంటమనిషి. ఆ ఏడు పంట దెబ్బతింది. కొత్త సంవత్సరం రోజున కెజయాను పక్క రాష్ట్రం అలబామావాళ్లకు అమ్మేస్తారని వంటింట్లో గుసగుసలు మొదలయ్యాయి.

క్రిస్మస్ నాడు తెల్లవారకముందే జిల్ఫా వసారా స్తంభం చాటున నక్కింది. దొర చుట్టాలతో బయటికి రాగానే ఎదురు దూకింది.

“క్రిస్మస్ కానుక, దొరా!”

“ఓసి దొంగముండా, పట్టేశావే!” దొర పకపకా నవ్వాడు. “ఏం కావాలో అడుగు. మిఠాయా? రిబ్బనా?”

“మా అమ్మను అమ్మకండి దొరా.”

కాఫీ పళ్లెంతో గుమ్మంలో ఉన్న కెజయా అక్కడే నిలబడిపోయింది.

“విన్నారా, దీని బేరం!” అని దొర మళ్లీ నవ్వి, పిల్ల చేతిలో ఒక నారింజపండు పెట్టాడు. “ఇదే నీ కానుక. ఇక పో.”

కెజయా కూతుర్ని వంటింటి వెనక్కి లాక్కెళ్లి చెంప ఛెళ్లుమనిపించింది. ఆ వెంటనే గుండెకు హత్తుకుంది.

“పిచ్చిదానా, నిన్ను కూడా అమ్మేస్తే? తిను. పారేస్తే వాళ్లు చూస్తారు.”

ఏడుస్తూనే తిన్నది జిల్ఫా. కొత్త సంవత్సరం రోజున బండి వచ్చింది. బండి వెంట పరిగెత్తిన పిల్లను మేస్త్రీ పట్టుకుని ఈడ్చుకొచ్చాడు.

అంతర్యుద్ధం ముగిసి బానిసత్వం నుంచి విడుదల దొరికాక జిల్ఫా అలబామాకు నడిచి వెళ్లింది. చర్చి చర్చిలో వాకబు చేసింది. చివరికి ఒక ముసలావిడ చెప్పింది: “కెజయానా తల్లీ? వచ్చిన మరుసటేడే జ్వరంతో పోయింది. ఆఖర్న నీ పేరే పలవరించింది.” సమాధి ఎక్కడుందో ఆవిడకూ గుర్తులేదు.

నాయనమ్మ తిరిగొచ్చి పెళ్లి చేసుకుంది. మా నాన్న చిన్నప్పుడు ఒక క్రిస్మస్ నాడు తెల్లదొర కొట్టు ముందు నిలబడి ‘క్రిస్మస్ కానుక!’ అని అరిచాడట. ఆమె పరుగున వెళ్లి చెయ్యి పట్టుకుని ఇంటికి లాక్కొచ్చింది.

“మనలో మనం అడుక్కుందాంరా. వాళ్లను మాత్రం అడగొద్దు.”

“ఎందుకే అమ్మా?”

అప్పుడు చెప్పింది ఇదంతా. చెప్పాక నాన్న దోసిట్లో వేయించిన పల్లీలు పోసింది. నాన్న అవి తినకుండా జేబులో పోసుకున్నాడట.