తలంటు పోసుకున్న లాంచీ

"పాసైంది! మన లాంచీ పాసైందోయ్!"

ఫోన్లో మొగుడి కేక వినగానే, స్టూలు మీద నిలబడి బోర్డు రాస్తున్న కొత్త కోడలు కింద పడబోయి గోడ పట్టుకుంది. ఏటిలో ఏ మలుపు దగ్గర ఎంత లోతుందో, ఎంత బరువు పడవలు అటు వెళ్లొచ్చో రోజూ ఆ బోర్డు మీద రాయడం జలమార్గాల శాఖలో ఆమె పని.

"మళ్లీ చెప్పండి."

"ఎన్నిసార్లు చెప్పమంటావ్? పాసు, పాసు, పాసు! బస్తాలన్నీ ఒక పక్కకి చేర్చినా గుండు ఎర్రగీత దాటలేదు. నాన్న ఆ గుండుకి దండం పెట్టాడు!"

ఆమె గుండెల మీంచి బండ దిగింది. ఆ సంతోషంలోనే మిగతా బోర్డు గబగబా రాసేసింది. వెనక పెద్ద సర్వేయరు దగ్గాడు.

"ఏమ్మా, పెద్దమలుపు దగ్గర లోతు రాత్రికి రాత్రే పాతాళానికి దిగిందా?"

చూసుకుంటే, రెండు మీటర్లని రాయాల్సిన చోట రెండు పక్కన ఓ సున్నా చుట్టేసి ఉంది. నాలుక కరుచుకుని చెరిపేసింది.

"నిన్ను నమ్ముకుని వచ్చినవాడు ఇసుకలో కూర్చునేవాడు. సరిగ్గా రాసి, రేవుకి వెళ్లు తల్లీ. పరీక్ష అయిపోయిందిగా, ఇక ఎవరూ ఏమీ అనరు."

ఇన్నాళ్లూ ఆమె రేవు వైపు కన్నెత్తి చూడలేదు. ఆమె మొగుడు ఆ లాంచీని నడిపే సరంగు, మావగారు యజమాని. ఎండ తగలకుండా లాంచీకి మేడ కట్టించారు. మేడ కట్టిన లాంచీ ఒరిగే పరీక్ష పాసైతేగాని జనాన్ని ఎక్కించకూడదు. జనం బరువుకు సమానంగా ఇసుక బస్తాలు వేసి, అన్నీ ఒక పక్కకి జరుపుతారు. మధ్యలో దారానికి ఇనుప గుండు వేలాడుతుంది. లాంచీ ఒరిగితే గుండు పక్కకి పోతుంది. ఎర్రగీత దాటిందా, లాంచీ రేవులోనే.

బోర్డుతో పాటు, పరీక్ష చేసి సంతకం పెట్టాల్సిన సీటూ ఆమెదే. "ఇది మావాళ్ల లాంచీ, నేను చేయకూడదు" అని ఆమె ముందే రాసిచ్చేసింది. వేరే ఆఫీసు నుంచి ఒక అధికారి వచ్చాడు. ఆ మొదటి పరీక్షలో గుండు ఎర్రగీత దాటి అవతలికి పోయింది.

అదెలా జరిగిందంటే, పరీక్షకి వచ్చేవాళ్ల ముందు పరువు పోకూడదని అత్తగారూ మావగారూ కలిసి లాంచీని బకెట్లకొద్దీ నీళ్లతో కడిగారు. పైన అద్దంలా మెరిసింది. ఆ నీళ్లన్నీ అడుగు బల్లల కిందకి చేరాయి. లాంచీ ఒరగగానే బస్తాలకు తోడు అవీ ఆ పక్కకే పరిగెత్తాయి. అధికారి బల్ల ఎత్తి చూసి, "లాంచీకి తలంటు పోశారా ఏమిటండీ?" అన్నాడు. నవ్వాడే గాని పాసు చేయలేదు. మళ్లీ అర్జీ పెట్టుకుని వంతు కోసం ఆగాల్సిందే.

అడుగున చుక్క నీరు ఉండకూడదని ఆఫీసు గోడ మీద పెద్దక్షరాలతో రాసే ఉంది. కోడలు అక్కడే ఉందిగా అని అత్తమావలు గోడ చదవలేదు. చదివే ఉంటారులే అని కోడలు చెప్పలేదు.

ఆ రోజు నుంచి అత్తగారు ముభావం. "దీపం కిందే చీకటంటే ఇదేనమ్మా. ఒక్క సంతకం నీ చేతిలో ఉండి కూడా..." అని ఒక్కసారే అంది. ఆ ఒక్కటే చాలింది. కొత్త కోడలు అడుగుపెట్టిన వేళావిశేషం అని పక్కింటివాళ్లు గుసగుసలు. ఈసారీ తప్పితే రేవులో లాంచీ వంతు ఇంకొకరికి పోతుంది. అప్పుడు ఆ ఇంట్లో తన ముఖం ఎక్కడ పెట్టుకోవాలో తెలియక ఆమె రాత్రిళ్లు దిండుతో మొరపెట్టుకునేది.

ఇప్పుడు రేవు మెట్లు రెండేసి దిగుతోంది. కాళ్లు నేల మీద ఆనడం లేదు.

లాంచీలో మావగారు పాత దుప్పట్లు పిండి ఆరేస్తున్నాడు. అడుగు తుడిచిన దుప్పట్లవి.

"రావమ్మా, ఆఫీసరమ్మా! పరీక్షకొచ్చిన అధికారి బల్ల కింద చెయ్యి పెట్టి తడిమాడు. వేలికి తడి అంటితే ఒట్టు. మీ అత్తయ్య ఇల్లు కూడా ఎప్పుడూ ఇంత పొడిగా తుడవలేదు."

"మీరు మాత్రం ఒడ్డున కూర్చుని అజమాయిషీ చేశారు," అంది అత్తగారు బల్లల సందులోంచి తల పైకెత్తి. కోడలిని చూసి, చేతులు చీర కొంగుకి తుడుచుకుంటూ లేచింది.

"ఇలా రా." గొంతు మెత్తబడింది. "ఆ అధికారి ఇవాళ అంతా విడమరిచి చెప్పాడు. జనమంతా ఒక పక్కకి చేరి ఉంటే, ఆ నీళ్లతో లాంచీ ఎటు పోయేదో! నువ్వు మన లాంచీయే కదా అని సంతకం గీకి పడేసి ఉంటే, నీ మొగుడే కదే దాన్ని నడిపేది."

కోడలికి కళ్లు చెమర్చాయి. "నేను ఒక్క మాట ముందే చెప్పాల్సింది అత్తయ్యా."

"నేను ఒక్క ముక్క చదవాల్సింది. చెల్లుకి చెల్లు."

సరంగు చుక్కాని గది కిటికీలోంచి తొంగి చూశాడు. "ఏవండోయ్ మేడమ్! పెళ్లయ్యాక మీరు మా లాంచీ ఎక్కనే లేదు. రేపు ఇక్కడ నా పక్కన కూర్చోవాలి."

"చుక్కాని గదిలో ప్రయాణికులు ఉండకూడదు," అందామె, నవ్వు ఆపుకుంటూ.

"చూశావా అమ్మా, అప్పుడే మొదలుపెట్టింది!"

"నోర్ముయ్ రా. రూల్ రూలే," అంది అత్తగారు. తర్వాత ఒడ్డున అందరికీ వినపడేలా ప్రకటించింది: "రేపు మొదటి ట్రిప్పుకి నేనూ నా కోడలూ మేడ మీద ముందు వరసలో కూర్చుంటాం. నువ్వు సెలవు పెట్టెయ్యవే. టికెట్లు మావయ్య కొంటాడు!"